హైదరాబాద్‌లో ఇప్పుడు టైమెంత?

(గ్రంథాలయ వారోత్సవాల సందర్భంగా నల్గొండలో చేసిన ప్రసంగానికి అక్షరరూపం. చివర సభికులు అడిగిన ప్రశ్నలు కొన్ని కలిపాం.)

అందరికీ నమస్కారం. వెనక వరుసల దాకా వినిపిస్తోందా? సరే.

కరపత్రంలో నా ప్రసంగానికి ‘సమాచార సాంకేతికత, సమాజం, సంస్కృతి’ అని వేశారు. దానికి న్యాయం చేయాలంటే మూడు రోజులు పడుతుంది. నాకిచ్చింది ముప్పావుగంట. అందుకని అంత పెద్ద విషయంలోంచి ఒక్క ముక్క తీసుకుంటాను. టైము. హైదరాబాద్‌లో టైము ఎవరు నిర్ణయిస్తున్నారు, ఆ టైముకు ఎవరెవరు మేలుకుంటున్నారు, మేలుకున్నందుకు ఎవరికి జీతం వస్తోంది, ఎవరికి రావట్లేదు. ఇంతే.

ఈ నెల మొదటి ఆదివారం అమెరికా వాళ్ళు గడియారాలు గంట వెనక్కి తిప్పుకున్నారు. 2007 నుంచి అక్కడి పద్ధతి అది. మార్చి రెండో ఆదివారం గంట ముందుకు, నవంబరు మొదటి ఆదివారం గంట వెనక్కి. మన దేశంలో ఆ గొడవ లేదు. మన టైము లెక్కగట్టే 82.5 డిగ్రీల రేఖాంశం కాకినాడకు దగ్గర్లోంచి పోతుంది. అది ఎండాకాలం, చలికాలం ఎక్కడిదక్కడే ఉంటుంది. అమెరికా కంపెనీలకు పని చేసే ఐటీ ఆఫీసులున్న మాదాపూర్‌లో మాత్రం టైము కదులుతుంది. న్యూయార్క్‌లో ఆఫీసు ఉదయం 9కి తెరుస్తారనుకోండి, అది వేసవిలో మనకు సాయంత్రం 6.30. నవంబరు వచ్చేసరికి 7.30. అదే కాలిఫోర్నియా అయితే రాత్రి 9.30 కాస్తా 10.30 అవుతుంది. ఆ సోమవారం నుంచి షిఫ్టు జరుగుతుంది, షిఫ్టుతో పాటు పికప్, డ్రాప్ అన్నీ గంట జరుగుతాయి. అక్కడి మైండ్‌స్పేస్ ఐటీ పార్కు దగ్గర తెల్లవారుజామున ఇడ్లీ బండి పెట్టుకునే మనిషి కూడా తన లెక్క మార్చుకుంటాడు. వాషింగ్టన్‌లో చేసిన చట్టం ఆ ఇడ్లీ బండికి వర్తిస్తోంది. అతనికి ఆ చట్టం పేరు తెలియదు, తెలియాల్సిన పనీ లేదు. లాగౌట్ ఎన్నింటికో, అంటే షిఫ్టు ఎప్పుడు వదులుతుందో, తెలిస్తే చాలు.

ఐటీ నగరాన్ని ఎట్లా మార్చింది అంటే అందరూ అద్దాల మేడలు చూపిస్తారు, ఫ్లైఓవర్లు, కేబుల్ బ్రిడ్జి చూపిస్తారు. ఫొటోలో పడేవి అవి. నన్నడిగితే ఐటీ చేసిన పెద్ద మార్పు ఫొటోలో పడదు. ఊరికి ఇంకో గడియారం వచ్చింది. దాని ముల్లు తిప్పేవాళ్ళు ఇక్కడ లేరు.

అట్లాగని హైదరాబాద్‌కు గడియారాలు కొత్త కాదు. చార్మినార్‌కు నాలుగు వైపులా గడియారాలు పెట్టింది 1889లో. మహబూబ్ చౌక్ క్లాక్ టవర్ 1892లో వచ్చింది, సికింద్రాబాద్‌ది 1897లో. చేతికి వాచీ లేని మనిషి కూడా తలెత్తితే టైము కనిపించేది. నవాబుకైనా, జట్కా తోలేవాడికైనా ఒకటే ముల్లు.

తర్వాత ఫ్యాక్టరీలొచ్చాయి. ఆల్విన్ 1942, ప్రాగా టూల్స్ 1943. స్వాతంత్ర్యం వచ్చాక ఐడీపీఎల్, బీహెచ్‌ఈఎల్, హెచ్‌ఎంటీ. 1967లో ఎలక్ట్రానిక్స్ తయారుచేసే ప్రభుత్వ సంస్థ ఈసీఐఎల్. కంప్యూటర్ హైదరాబాద్‌కు 1998లో సైబర్ టవర్స్‌తోనే వచ్చిందని అనుకునేవాళ్ళు చాలామంది ఉన్నారు కాబట్టి ఒక మాట చెప్పి పోతాను. టీడీసీ పేరుతో కంప్యూటర్లు ఈసీఐఎల్‌లో అంతకు చాలాముందే తయారయ్యాయి. ఆ సంస్థను నిలబెట్టిన ఏ.ఎస్. రావు పేరే ఏఎస్ రావు నగర్‌కు పెట్టారు. ఇవాళ అక్కడ ఫ్లాటు కొనుక్కునే సాఫ్ట్‌వేర్ ఇంజనీర్లలో ఎంతమందికి ఆ సంగతి తెలుసో!

ఆ ఫ్యాక్టరీల్లోనూ రాత్రి డ్యూటీ ఉండేది. ఏ షిఫ్టు, బీ షిఫ్టు, సీ షిఫ్టు. సింగరేణి వాళ్ళెవరైనా ఇక్కడుంటే వాళ్ళకు నేను చెప్పనక్కర్లేదు. రాత్రి పని ఐటీ కనిపెట్టింది కాదు. కాకపోతే అప్పటి రాత్రి పనికి ఒక సైరన్ ఉండేది. అది ఊరంతా వినేది. బడికి పోయే పిల్లలు, పొయ్యి వెలిగించే ఆడవాళ్ళు ఆ సైరన్‌ను బట్టి టైము చూసుకునేవాళ్ళు. కంపెనీ బస్సుండేది, కంపెనీ క్వార్టర్లుండేవి. నైట్ షిఫ్టు చేసొచ్చిన మనిషి పగలు పడుకుంటే పక్కింటివాళ్ళు రేడియో సౌండు తగ్గించేవాళ్ళు, ఎందుకంటే వచ్చే వారం ఆ షిఫ్టు వాళ్ళింట్లో మనిషిది. షిఫ్టు మారుస్తామంటే యూనియన్ వెళ్ళి మాట్లాడేది. ఇవాళ సైరన్ పోయింది, దాని బదులు ఫోన్‌లో అలారం వచ్చింది. అలారం ఒక్కరికే వినిపిస్తుంది. మీ అపార్ట్‌మెంట్‌లో పైఫ్లోర్ అబ్బాయి ఏ దేశం టైములో బతుకుతున్నాడో మీకు తెలియదు. అతను పడుకున్నప్పుడు మీరు డ్రిల్లింగ్ మెషీన్ పెట్టిస్తారు. తప్పు మీదీ కాదు, అతనిదీ కాదు.

సరే, ఈ రెండో గడియారం ఎట్లా వచ్చింది? దీని చరిత్ర నాకు భలే ఇష్టం, కాస్త వివరంగా చెబుతాను.

1991లో కేంద్ర ప్రభుత్వం సాఫ్ట్‌వేర్ టెక్నాలజీ పార్క్స్ అనే సంస్థ పెట్టింది. శాటిలైట్ లింకు దాని చేతిలో ఉండేది. హైదరాబాద్‌లో ఆ ఆఫీసు అమీర్‌పేట మైత్రీవనంలో ఉండేది. ఆ లింకు ద్వారా ఇక్కడి ప్రోగ్రామర్ అమెరికాలో ఉన్న పెద్ద మెషీన్ మీద పని చేయొచ్చు. ఆ మెయిన్‌ఫ్రేమ్‌లు చాలా ఖరీదైనవి. పగలంతా అక్కడి బ్యాంకులు, బీమా కంపెనీలు వాడుకుంటాయి, రాత్రి కాస్త ఖాళీ దొరుకుతుంది. వాళ్ళ రాత్రి మనకు పగలు. అంటే మొదట్లో ఈ టైము తేడా మనకు కలిసొచ్చింది. మనవాళ్ళు మామూలుగా పొద్దున టిఫిన్ తిని ఆఫీసుకెళ్ళి, అమెరికా నిద్రపోతుండగా దాని మెషీన్లు వాడుకుని, సాయంత్రం ఇంటికొచ్చేవాళ్ళు. పొద్దున లేచేసరికి పని పూర్తయి ఉంటుందని అక్కడివాళ్ళకు సంతోషం. మెడికల్ ట్రాన్స్‌క్రిప్షన్ కూడా ఈ లెక్కలోనే నడిచింది. అక్కడ డాక్టరు సాయంత్రం దాకా టేపులో చెప్పిన మాటలు రాత్రికి రాత్రి ఇక్కడ టైపయ్యేవి. నిజానికి వాళ్ళు కొనుక్కున్నది మన తెలివితేటలతో పాటు మన సూర్యోదయాన్ని కూడా.

వైటూకే సంగతి పెద్దవాళ్ళకు గుర్తుండే ఉంటుంది. కోబాల్ అనే కంప్యూటర్ భాషలో రాసిన పాత ప్రోగ్రాముల్లో సంవత్సరానికి రెండంకెలే పెట్టారు. 99 తర్వాత 00 వస్తే మెషీన్ అది 1900 అనుకుంటుందని భయం. లోకంలో ఉన్న లక్షల ప్రోగ్రాముల్లో తేదీలు వెతికి సరిచేయాలి. విసుగు పుట్టించే పని. ఆ పని కోసం అమీర్‌పేటలో కోబాల్ నేర్పే ఇన్‌స్టిట్యూట్లు వెలిశాయి. మన రాష్ట్రపు ఐటీకి పునాది పడిందే ఒక క్యాలెండర్ తప్పు మీద అంటే నవ్వొస్తుంది గానీ, అందులో చాలా నిజముంది. అదే సమయానికి అమెరికా, ఉద్యోగాల మీద వెళ్ళేవాళ్ళకిచ్చే హెచ్-1బీ వీసాలు పెంచింది. ఏడాదికి 65 వేలున్నవి 1999లో 1.15 లక్షలు, 2001 నుంచి మూడేళ్ళ పాటు 1.95 లక్షలు. 2004లో మళ్ళీ 65 వేలకు దించారు. ఈ అంకెలు పెరిగినప్పుడల్లా వీసాలిప్పిస్తాడని పేరున్న చిలుకూరు బాలాజీ గుడిలో ప్రదక్షిణలు పెరిగాయి. అమెరికా జనాభా లెక్కల వాళ్ళ అంకెలు చూస్తే 2010 నుంచి 2017 మధ్య ఇళ్ళల్లో తెలుగు మాట్లాడేవాళ్ళ సంఖ్య అక్కడ 86 శాతం పెరిగింది. అక్కడ ఎక్కువమంది మాట్లాడే భాషల్లో మరేదీ అంత వేగంగా పెరగలేదు.

1998 నవంబరు 22న ప్రధాని వాజ్‌పేయి సైబర్ టవర్స్ ప్రారంభించారు. చుట్టూ బండరాళ్ళు, శిల్పారామం. అవతల దుర్గం చెరువు. అప్పుడు రాష్ట్రంలో ప్రతి పత్రిక ఆ గుండ్రటి బిల్డింగ్ ఫొటో వేసింది. ఆ బిల్డింగ్ కంటే నాకు ముఖ్యంగా కనిపించేది దాని వెనకాల జరిగిన ఒక చిన్న కాగితం పని. 1988 నాటి దుకాణాలు, సంస్థల చట్టం ఒకటుంది. దుకాణం ఎన్నింటికి తెరవాలి, ఎన్నింటికి మూయాలి, ఎన్ని గంటలు పని చేయించాలి, ఆడవాళ్ళను రాత్రి పనిలో పెట్టొద్దు, ఇవన్నీ అందులో ఉన్నాయి. అందులోంచి ఐటీ కంపెనీలకు మినహాయింపులిచ్చారు. మూడు షిఫ్టులు నడుపుకోవచ్చు, ఆడవాళ్ళకు రాత్రి డ్యూటీ వేయొచ్చు, కాకపోతే ఇంటి నుంచి తీసుకొచ్చి ఇంటి దగ్గర దింపాలి. ఆ ఒక్క షరతులోంచి ఈ జిల్లాకు సంబంధించిన ఒక పెద్ద కథ పుట్టింది. అది చెప్పే ముందు గొంతు సంగతి చెప్పాలి.

ప్రోగ్రాము రాసిపెడితే పొద్దున చూసుకుంటారు. ఫోనెత్తి మాట్లాడాలంటే అటువైపు మనిషి మేలుకుని ఉండాలి. 2000 తర్వాత కాల్‌సెంటర్లు వచ్చాక టైము తేడా తిరగబడింది. అంతదాకా కలిసొచ్చిన రాత్రి మన నెత్తిన పడింది. డిగ్రీ పాసైన పిల్లలు రాత్రి ఎనిమిదింటికి ఇంట్లోంచి బయల్దేరి, ఎవరి క్రెడిట్ కార్డు బిల్లు గురించో మాట్లాడి, పొద్దున పాలవాడితో పాటు ఇంటికి రావడం మొదలైంది.

ఆ తర్వాత మామూలు సాఫ్ట్‌వేర్ ఇంజనీర్ల వంతు వచ్చింది. వాళ్ళది పేరుకు పగటి ఉద్యోగమే. అయినా అక్కడి టీముతో కలిసి కూర్చోవడానికి రెండు మూడు గంటలు కావాలి. దాన్ని ఓవర్‌ల్యాప్ అంటారు. ఆ ఓవర్‌ల్యాప్ ఎక్కడ పడుతుందో చూడండి. సాయంత్రం ఏడు నుంచి పది. పిల్లలు హోంవర్కు చేసే టైము, అన్నాలు తినే టైము, అమ్మానాన్నలు ఊరి నుంచి ఫోన్ చేసే టైము. ప్రతి ఇంట్లో ఇప్పుడు ఒక మాట ఉంది: ‘కాల్‌లో ఉన్నా.’ ఈ మాట వినపడగానే ఇల్లంతా గప్‌చుప్. కుక్కర్ విజిల్ వస్తే పరిగెత్తుకెళ్ళి స్టవ్ కట్టేస్తారు. మూడేళ్ళ పిల్లకు కూడా మ్యూట్ అంటే తెలుసు. ఆమెకూ కాల్, ఆయనకూ కాల్ అయితే ఆ పూట కూర కర్రీ పాయింట్ నుంచే. హైదరాబాద్‌లో వీధికో కర్రీ పాయింట్ ఎందుకుందో అడిగితే అందరూ బద్ధకం పెరిగింది అంటారు. బద్ధకం కాదండీ, వంట టైము అమ్ముడుపోయింది. అన్నం ఇంట్లో రైస్ కుక్కర్‌లో పెట్టుకుని, పప్పు, వేపుడు, సాంబారు ప్లాస్టిక్ కవర్లలో తెచ్చుకునే ఈ పద్ధతికి కారణం అదే.

ఇప్పుడు మీ జిల్లా కథ. కంపెనీ కారు పెట్టాలన్న షరతు వల్ల వేల బండ్లు కావాల్సి వచ్చాయి. మొదట సుమోలు, క్వాలిస్‌లు, తర్వాత ఇండికాలు. ఎవరు తోలారు? నల్గొండ, మహబూబ్‌నగర్ పిల్లలు. దేవరకొండ, అచ్చంపేట వైపు కరువు చూసిన ఊళ్ళ నుంచి వచ్చిన కుర్రాళ్ళు. బోర్లు ఎండిపోయిన పొలం అమ్మో, తాకట్టు పెట్టో మొదటి కిస్తీ కట్టి, ‘ఓనర్ కమ్ డ్రైవర్’ అయ్యారు. ఇంగ్లిష్‌లో మూడు ముక్కలు నేర్చుకున్నారు: లాగిన్, లాగౌట్, నో షో. నో షో అంటే ఉద్యోగి ఆ రోజు రాకపోవడం. పోయిన ట్రిప్పుకు డబ్బులొస్తాయా రావా అన్నది ఆ మాట మీద ఆధారపడి ఉంటుంది.

ఈ డ్రైవర్ల టైము గురించి ఎవరూ పెద్దగా రాయలేదు. ఉద్యోగి షిఫ్టు తొమ్మిది గంటలు. ఆయన్ని తెచ్చి దింపే మనిషి అంతకు గంటన్నర ముందు మొదలుపెట్టి, ఆ తర్వాత గంటన్నరకు ముగిస్తాడు. మధ్యలో ఇంకో రెండు ట్రిప్పులు దొరికితేనే కిస్తీ వెళ్తుంది. కారు సీటు వెనక్కి వాల్చుకుని, అద్దం రెండు వేళ్ళంత దించుకుని పడుకోవడమే అతని నిద్ర. ఉద్యోగికి నైట్ షిఫ్ట్ అలవెన్సు ఉంటుంది. డ్రైవర్‌కు అదే రాత్రికి అలవెన్సు లేదు, ఎందుకంటే అతను ఉద్యోగి కాదు, కంపెనీకి కార్లు సమకూర్చే వెండర్ దగ్గర బండి అటాచ్ చేసుకున్న ఓనర్. 2020 మార్చిలో లాక్‌డౌన్ పెట్టి అందరినీ ఇంటి నుంచే పని చేయమన్నప్పుడు సాఫ్ట్‌వేర్ కుర్రాడు ల్యాప్‌టాప్ సంచీలో వేసుకుని భీమవరమో కరీంనగరో వెళ్ళిపోయాడు. అతని జీతం అతనితో పాటు ఊరికి వెళ్ళింది. డ్రైవర్ కూడా ఊరికే వచ్చాడు, కిస్తీతో. హాస్టళ్ళు, మెస్‌లు, టీ కొట్లు, కర్రీ పాయింట్లు నెలల తరబడి మూతపడ్డాయి. ఐటీలో ఒక ఉద్యోగం వస్తే దాని చుట్టూ మూడు నాలుగు ఉద్యోగాలు వస్తాయని ప్రభుత్వాలన్నీ చెప్తుంటాయి. నిజమే. ఆ మూడు నాలుగూ దేనికి కట్టేసి ఉన్నాయో ఆ ఏడాది తెలిసింది.

అంకెలు కూడా చెప్పుకోవాలి, లేకపోతే నేను ఐటీ మీద పగబట్టానని అనుకుంటారు. 2013-14లో, రాష్ట్రం విడిపోయే నాటికి, తెలంగాణ ఐటీలో ఉద్యోగులు 3.23 లక్షలు, ఎగుమతులు 57 వేల కోట్ల రూపాయలు. 2022-23కి ఉద్యోగులు 9.05 లక్షలు, ఎగుమతులు 2.41 లక్షల కోట్లు. తొమ్మిదేళ్ళలో. ఫీజు రీయింబర్స్‌మెంట్‌తో చదువుకుని, ఇంట్లో మొదటిసారి డిగ్రీ చూసిన పిల్లలు ఈ లెక్కలో ఉన్నారు. అందులో చాలామంది ఆడపిల్లలు. ఆడపిల్ల రాత్రి పదకొండింటికి పనికి పోవడం అనేది ఒక తరంలో మామూలు విషయమైంది. ఇది చిన్న మార్పు కాదు.

అయితే ఆ రాత్రి ఆమెకు పూర్తిగా దక్కిందా అంటే, కంపెనీ కారు తలుపు దాకానే. కారులో ఉంటే ఉద్యోగిని, దిగి నాలుగడుగులు నడిస్తే ‘ఈ టైముకు ఏం పని?’ లేడీస్ హాస్టల్ గేటు పదింటికి మూసేవాళ్ళు, షిఫ్టు పదిన్నరకు మొదలయ్యేది. ఐడీ కార్డు చూపించి, లెటర్ తెచ్చి, వార్డెన్‌ను బతిమాలి బయటపడాలి. 2013 అక్టోబరులో మాదాపూర్‌లో ఒక సాఫ్ట్‌వేర్ ఉద్యోగిని క్యాబ్ అనుకుని ఎక్కిన కారులో జరిగిన ఘోరం పేపర్లన్నింటిలో వచ్చింది. మరుసటేడు అక్టోబరులో ఆడవాళ్ళ రక్షణకు పోలీసుల షీ టీమ్స్ వచ్చాయి. మంచిదే. కానీ బట్టల షాపులో పని చేసే అమ్మాయి, ఆసుపత్రిలో ఆయా, సినిమా హాల్లో టికెట్లు చింపే అమ్మాయి ఎప్పటి నుంచో రాత్రి పదకొండుకు ఇంటికి పోతూనే ఉన్నారు. వాళ్ళ రాత్రి గురించి ఊరికి ఇంత పట్టింపు ఎప్పుడూ రాలేదు.

పాతబస్తీ సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. హైదరాబాద్‌లో రాత్రి జీవితం ఐటీతో మొదలైందని రాసేవాళ్ళు రంజాన్ నెలలో ఒక్కసారి చార్మినార్ దగ్గరికి వెళ్తే బాగుంటుంది. లాడ్ బజార్‌లో సహరీ, అంటే తెల్లవారుజాము భోజనం, దాకా గాజుల బేరాలు నడుస్తాయి. మిగతా రోజుల్లో మాత్రం అదే పాతబస్తీలో రాత్రి అరుగు మీద కూర్చుని కబుర్లు చెప్పుకుంటున్న కుర్రాళ్ళను పోలీసులు పట్టుకెళ్ళి కౌన్సెలింగ్ ఇచ్చారు. దానికి ‘మిషన్ చబుత్ర’ అని పేరు కూడా పెట్టారు. అదే రాత్రి ఒంటిగంటకు గచ్చిబౌలిలో కుర్రాడు బైక్ మీద కూర్చుని టీ తాగుతుంటే అతన్ని ఎవరూ ఏమీ అనరు, మెడలో ట్యాగ్ ఉంటే మరీను. ఒకే ఊరు, ఒకే టైము, రెండు రకాల లెక్క. 2023 ఏప్రిల్‌లో తెలంగాణ ప్రభుత్వం ఏడాదికి పదివేల రూపాయల ఫీజు కట్టి షరతులు పాటిస్తే దుకాణాలు 24 గంటలూ తెరుచుకోవచ్చని జీవో ఇచ్చింది. పదివేలు పెద్ద షోరూముకు లెక్కలోది కాదు. చార్మినార్ పక్క సందులో చాయ్ కొట్టుకు అది లెక్కే.

కాస్త సరదా విషయాలకు వద్దాం, మీ మొహాలు మరీ సీరియస్‌గా ఉన్నాయి.

మన పంచాంగం ఈ రెండు గడియారాల మధ్య ఎట్లా నలిగిందో చూడండి. తిథి మొదలయ్యే క్షణం లోకమంతటికీ ఒకటే. కానీ పండుగ ఏ రోజన్నది ఆ ఊళ్ళో సూర్యోదయానికి ఏ తిథి ఉందన్నదాన్ని బట్టి. అందుకే కొన్నేళ్ళు అక్కడి ఉగాది మనకంటే ఒక రోజు ముందు పడుతుంది. పిట్స్‌బర్గ్‌లో వెంకటేశ్వరస్వామి గుడి 1976లో కట్టుకున్నారు. అప్పటి నుంచీ ఇది అక్కడివాళ్ళకు ఉన్న చిక్కే. ఇప్పుడు ఏ ఊరికి ఆ ఊరి పంచాంగం లెక్కగట్టి ఇస్తున్నారు. అది శాస్త్రం ప్రకారం సరైన పని. అయినా చాలామంది పండుగ చేసుకునేది మాత్రం శనివారం. బతుకమ్మ శనివారం, ఉగాది పచ్చడి శనివారం, వినాయకుడి నిమజ్జనం ఆదివారం. మనం నవ్వుకుంటాం గానీ, హైదరాబాద్‌లో సత్యనారాయణ వ్రతం ఆదివారం కాకుండా ఇంకో రోజు పెట్టి చూడండి, ఎంతమంది వస్తారో. పురోహితులనడగండి, ఆదివారం వాళ్ళు దొరకరు.

పెళ్ళి ముహూర్తాలు మాత్రం గమ్మత్తుగా కలిసొచ్చాయి. అర్ధరాత్రి రెండున్నరకు ముహూర్తం అంటే ఇక్కడ చుట్టాలంతా కుర్చీల్లో నిద్రపోతుంటారు. డల్లాస్‌లో అప్పుడు మధ్యాహ్నం మూడో నాలుగో. మేనమామ అక్కడ ఆఫీసులో యూట్యూబ్ లింకు పెట్టుకుని, తాళి కట్టడం ఇక్కడివాళ్ళకంటే శ్రద్ధగా చూస్తాడు. జీలకర్ర బెల్లం పెట్టేటప్పుడు కెమెరామన్ అడ్డొచ్చాడని గ్రూపులో మెసేజ్ పెట్టేది కూడా ఆయనే.

సినిమా సంగతి కుర్రాళ్ళకు బాగా తెలుసు. పెద్ద హీరో సినిమాకు అమెరికాలో గురువారం సాయంత్రం ప్రీమియర్లు వేస్తారు. మనకు అప్పుడు శుక్రవారం తెల్లవారుజాము. ఇక్కడ మార్నింగ్ షో పడేసరికి సినిమా ఎట్లా ఉందో డాలస్ నుంచి తీర్పు వచ్చేస్తుంది. ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో మ్యాట్నీ జనం హాల్లోంచి బయటికొస్తూ చెప్పే టాక్‌కు ఒకప్పుడు సినిమా బతకడం, చావడం ఆధారపడి ఉండేది. ఇప్పుడు వాళ్ళ మాట వినే ఓపిక ఎవరికీ లేదు. నాకైతే ఇది బాధగానే ఉంటుంది, మీరేమనుకున్నా సరే.

ఇంకో విషయం. రెండో గడియారం ఇప్పుడు ఆఫీసుల్లోంచి ఇళ్ళ గేట్ల దాకా వచ్చింది. ఉద్యోగి లోపలికి పోతూ స్వైప్ చేస్తాడు, బయటికొస్తూ స్వైప్ చేస్తాడు, తొమ్మిది గంటలు కాకపోతే నెలాఖరులో మెయిల్ వస్తుంది. దాని మీద అతనికి కోపం. అదే మనిషి గేటెడ్ కమ్యూనిటీలో ఇంట్లో పని చేసే ఆవిడ ఎన్నింటికి గేటు దాటిందో ఫోన్‌లో చూస్తాడు. ఏడింటికి రావాల్సింది ఏడూ పన్నెండుకు వచ్చిందని స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకుంటాడు. ఆవిడ ఆ యాప్ తెరిచి ‘సారు ఈ నెల జీతం ఎన్నో తారీఖున ఇచ్చారు’ అని చూసుకునే వీలు మాత్రం అందులో లేదు. సాంకేతికత తటస్థం అని పాఠాల్లో చదువుతాం. ఎవరి టైము ఎవరికి కనపడాలన్నది ఆ యాప్ రాసేటప్పుడే ఎవరో నిర్ణయించారు. డెలివరీ కుర్రాడి సంగతీ అంతే. అతను ఎక్కడున్నాడో మనకు మ్యాప్‌లో కనిపిస్తుంది. హోటల్ వాడు అతన్ని ఎంతసేపు నిలబెట్టాడో మనకు కనిపించదు.

2023 జూలైలో పెద్ద వానలు పడ్డప్పుడు సైబరాబాద్ పోలీసులు ఐటీ కంపెనీల లాగౌట్ వేళల్ని విడతలుగా మార్చమన్నారు. ఫలానా బిల్డింగుల వాళ్ళు మధ్యాహ్నమే బయల్దేరండి, ఫలానావాళ్ళు ఆ తర్వాత అని. అందరూ ఒకేసారి రోడ్డెక్కితే నీళ్ళల్లో బండ్లు కదలవు కాబట్టి. నాకు అది చాలా మంచి పనిగా కనిపించింది. అమెరికా టైము దైవనిర్ణయం ఏమీ కాదు, ఇక్కడి ప్రభుత్వం అడిగితే కంపెనీలు వేళలు జరుపుకుంటాయని రుజువైంది. వానకు అడిగినట్టు వేరే వాటికి కూడా అడగొచ్చు.

ఇక్కడితో ఆపుతాను. ప్రశ్నలుంటే అడగండి.

(ఒక విద్యార్థిని: సార్, అమీర్‌పేటలో కోర్సు చేద్దామనుకుంటున్నాను. వద్దంటారా?)

వద్దని ఎందుకంటానమ్మా. వెళ్ళు. కోర్సు చేరేముందు ఇంకో ప్రశ్న అడుగు: ఈ పని చేసేవాళ్ళకు షిఫ్టులు ఎట్లా ఉంటాయి? సపోర్ట్ ప్రాజెక్టులో పడితే వారానికోసారి రాత్రి ఫోన్ మోగుతుంది, డెవలప్‌మెంట్ అయితే సాయంత్రం కాల్స్. యూరప్ క్లయింట్ అయితే రాత్రి తొమ్మిదికల్లా తెరిపి దొరుకుతుంది. ఇంటర్వ్యూలో జీతం ఎంతని అడుగుతారు గానీ ఏ టైమ్‌జోన్ అని అడగరు మన పిల్లలు. అడగాలి.

(ఒక పెద్దాయన: మేము వ్యవసాయంలో రాత్రి కరెంటు కోసం ఏళ్ళ తరబడి మేలుకున్నాం. పాము కరిచి చనిపోయినవాళ్ళున్నారు. మా రాత్రుల గురించి మీరు మాట్లాడలేదు.)

మీరన్నది నిజం. రాత్రి పూట త్రీఫేజ్ కరెంటిస్తే రైతు చేను దగ్గరే పడుకున్నాడు. అదీ ఊరికి దూరంగా కూర్చున్నవాళ్ళు పెట్టిన టైమే. తేడా ఎక్కడంటే, ఆ టైము మార్చాలని మీరు సబ్‌స్టేషన్ ముందు ధర్నా చేయగలిగారు, పగటి కరెంటు అనేది ఎన్నికల్లో మాటయింది. ఐటీ ఉద్యోగి ఎవరి ముందు ధర్నా చేయాలో అతనికి తెలియదు. మేనేజరూ అదే టైములో నలుగుతుంటాడు.

(ఒకావిడ: మా అబ్బాయి క్యాబ్ తోలుతాడు సార్. మీరు చెప్పినవన్నీ నిజమే. ఏం చేస్తే బాగుంటుంది?)

పెద్ద పెద్ద పరిష్కారాలు నా దగ్గర లేవమ్మా. ఒకటి మాత్రం రేపే చేయొచ్చు. 2019 నవంబరు నాటికి మెట్రో రాయదుర్గం దాకా వచ్చింది. కానీ రాత్రి పదకొండు దాటాక దాని పని అయిపోతుంది. ఆర్టీసీ రాత్రి బస్సులు అరకొర. హైటెక్ సిటీలో రాత్రి పని చేసేవాళ్ళలో కంపెనీ కారు దొరికేది కంపెనీ ఉద్యోగికే. సెక్యూరిటీ గార్డు, హౌస్‌కీపింగ్ ఆవిడ, క్యాంటీన్‌లో వంట మనిషి, వీళ్ళంతా కాంట్రాక్టర్ మనుషులు. వాళ్ళకు కారు లేదు. తెల్లారి మొదటి బస్సు వచ్చేదాకా అక్కడే మెట్ల మీద కూర్చుంటారు. రాయదుర్గం నుంచి ఎల్బీనగర్‌కు ఒకటి, పటాన్‌చెరుకు ఒకటి, చాంద్రాయణగుట్టకు ఒకటి, రాత్రి పన్నెండు నుంచి నాలుగున్నర దాకా అరగంటకో బస్సు వేయాలి. ఖర్చు ఎవరు పెట్టుకోవాలంటారా? బిల్డింగులు ఎవరివో వాళ్ళే. ఒక్కో టవర్‌లో రాత్రంతా ఏసీకి అయ్యే కరెంటు బిల్లు ముందు ఈ బస్సు డీజిల్ ఎంత? డ్రైవర్ల సంగతి వేరే మాట్లాడుకోవాలి. వాళ్ళకు ట్రిప్పు లెక్కన కాకుండా డ్యూటీలో ఉన్న గంటల లెక్కన డబ్బులిచ్చే ఒప్పందం రాయించుకోవాలి. మీ అబ్బాయిని వాళ్ళ డ్రైవర్ల సంఘంలో చేరమనండి. చేరే ఉంటే మీటింగులకు వెళ్ళమనండి. ఆ రోజు ఒక ట్రిప్పు పోతుంది, పోనివ్వండి.